కంపెనీ రాయి

తెనాలిలో బాపట్ల వైపు వెళ్ళే ప్యాసింజరు ఎక్కి కిటికీ దగ్గర కూర్చుంటే, పొన్నూరు దాటిన కాసేపటికి పట్టాల పక్కన సర్కారు తుమ్మల మధ్య తెల్లటి రాయి ఒకటి కనిపించేది. నడుమెత్తు రాయి. రెప్ప వేస్తే దాటిపోయేది. నా చిన్నప్పుడు మా వాళ్ళతో ఆ రైలెక్కితే, ఆ చోటు వచ్చేసరికి అందరం లేచి నిలబడాల్సిందే. మగవాళ్ళు తలగుడ్డ తీసేవాళ్ళు, ఆడవాళ్ళు చెంగు నెత్తి మీదికి లాక్కునేవాళ్ళు. ఏం వచ్చిందోనని పెట్టెలో తక్కిన జనం కూడా మెడలు సాచి చూసేవాళ్ళు. వాళ్ళకి బురదలో పడుకున్న గేదెలు తప్ప ఏమీ కనిపించేవి కావు. మా మేనత్త మాత్రం అడిగినా అడక్కపోయినా చెప్పేది.

"మా తాతండి. కంపెనీవాళ్ళు రాయి వేయించారు."

ఇప్పుడా రాయి అక్కడ లేదు. ఎందుకు లేదో చెప్పాలంటే ముందు కంపెనీ సంగతి చెప్పాలి.

కంపెనీ అంటే మా ప్రాంతానికి రైలు తెచ్చిన కంపెనీ. దానికి ఇంగ్లీషులో బారెడు పేరుండేది. పొన్నూరుకీ బాపట్లకీ మధ్యనున్న మా పేటలో ఆ పేరు పలికినవాళ్ళు లేరు, నేనూ ఇక్కడ రాయను. పంతొమ్మిదో శతాబ్దంలో ఎక్కడో సముద్రాల అవతల కొందరు పెద్దమనుషులు బల్ల చుట్టూ కూర్చుని పెట్టిన కంపెనీ అది. వాళ్ళలో ఒక్కడు కూడా మా నల్లమట్టి తొక్కి ఉండడు. నష్టం వస్తే సర్కారు భరించాలి, లాభం వస్తే వాళ్ళు పంచుకోవాలి. అలాంటి ఏర్పాటు నాకు కుదిర్చిపెడితే నేనూ రైళ్ళు నడిపేవాణ్ణి. తర్వాత ఆ కంపెనీని ఇంకో కంపెనీ మింగింది, దాన్ని మరొకటి మింగింది, చివరికి అన్నిటినీ సర్కారు తీసేసుకుంది. పంచుకున్నవాళ్ళు పోయారు, పేరు పోయింది, టిక్కెట్టు మీది బొమ్మ పోయింది. మా వాళ్ళ నోట్లో మాత్రం 'కంపెనీ' అన్న మాట మిగిలిపోయింది. మా అత్త లెక్కలో పట్టాల మీద నడిచేదంతా కంపెనీదే. నిన్నగాక మొన్న వచ్చిన కరెంటు ఇంజను కూడా కంపెనీ ఇంజనే.

మా ముత్తాత ఆ కంపెనీకి కట్ట పోసిన కూలీ. కట్ట అంటే పట్టాల కింది మట్టి గట్టు. మా నేల ఎక్కడ తవ్వినా నీళ్ళే కానీ, వెతికినా రాయి దొరకదు. అందుకని పక్కనే గుంటలు తవ్వి, ఆ మట్టే తట్టలతో మోసి, మనిషెత్తు గట్టు పోశారు. ఆ గుంటలు లైను పొడుగునా ఇప్పటికీ ఉన్నాయి. వానాకాలం వాటిలో తామరలు పూస్తే రైల్లో వెళ్ళేవాళ్ళు ఫోన్లు బయటికి పెట్టి ఫోటోలు తీసుకుంటారు. మా ముత్తాతా, ముత్తవ్వా తవ్విన గుంట వాటిలో ఏదో నాకు తెలీదు. రైలు నడవడం మొదలయ్యాక ఆయనకి లైను మరమ్మతు చేసే గ్యాంగులో పని దొరికింది. ఒక ముసురులో కట్ట కోసుకుపోతుంటే ఇసుక బస్తాలు అడ్డం వేస్తూ ఆయన చనిపోయాడు. ఇంతవరకు కథలో ఎవరికీ పేచీ లేదు. దీని మీద మా ఇంట్లో ఇంకో అంతస్తు లేపారు. కబురు తెలిసి కంపెనీ దొర ట్రాలీ మీద వచ్చాడట, టోపీ తీశాడట, ఎక్కడి నుంచో వ్యాగన్‌లో చెక్కిన రాయి తెప్పించి మా ముత్తాత తల దగ్గర పాతించాడట.

ఊరి శ్మశానంలో మా వాళ్ళకి చోటు లేని రోజులవి. శవాన్ని ఊరి దారిన మోసుకెళ్ళనిచ్చేవాళ్ళు కాదు. అప్పటికే మా పేట క్రైస్తవంలోకి వచ్చింది, ప్రార్థన చేసి పాతడానికి పాస్టరు ఉన్నాడు, పాతడానికి నేల లేదు. లైను పక్క బీడులో పాతుకుంటే కంపెనీ చూసీ చూడనట్టు వదిలేసింది. సమాధి అంటే మట్టి దిబ్బే, నాలుగు వానలకి అదీ చదునైపోయేది. చెక్కిన రాయి అనేది గుళ్ళకీ, మోతుబరుల అరుగులకీ ఉండే వస్తువు. అలాంటిది మా వాడి తల దగ్గర రాయి ఉంది! ఇక అడుగుతారా, వంశం వంశమంతా దాని చుట్టూ చేరింది. తలలు రాయి వైపు పెట్టి పాతడం ఆచారమైపోయింది. పోయినవాళ్ళని తలుచుకునే సమాధుల పండక్కి మొట్టమొదట రాయికి సున్నం కొట్టి, బంతిపూల దండ వేసి, కొవ్వొత్తి వెలిగించాలి. ఆ తర్వాతే మిగతావాళ్ళ వంతు. కన్నతల్లి పోయి నెల తిరక్కపోయినా ఆ వరస తప్పడానికి లేదు.

రాయికి ఒక పక్క మా తాత, అంటే మా అత్త నాన్న. ఆయన పక్కన మా నాయనమ్మ. రాయికి రెండో పక్క, పట్టాల వైపు, ఒక మనిషికి సరిపడా ఖాళీ. అది మా అత్త చోటు. అక్కడ ఇంకెవరినీ పెట్టకుండా ఆమె చాలామందితో పోట్లాడింది.

మా అత్త పెళ్ళి చేసుకోలేదు. రేపల్లెలో నర్సుగా పనిచేసి, రిటైరయ్యాక అక్కడే చర్చి సందులో ఒక గది అద్దెకి తీసుకుని ఉండిపోయింది. నోరు పెద్దది, చెయ్యి మెత్తనిది. రేపల్లె నుంచి బాపట్లకి బస్సులో అయితే దగ్గర దారి. ఆమె మాత్రం రైల్లో తెనాలి వచ్చి, అక్కడ మారి, చుట్టూ తిరిగి వచ్చేది. ఎందుకత్తా ఈ అవస్థ అంటే, "మా తాత పోసిన కట్ట మీద ప్రయాణం చేస్తుంటే ఒళ్ళు నొప్పులుండవురా" అనేది. రేపల్లె లైను తర్వాతెప్పుడో వేశారనీ, దాంతో మా ముత్తాతకి సంబంధం లేదనీ నేను చెప్తే చెవిన వేసుకునేది కాదు. "నాకు మొగుడు లేడు, పిల్లల్లేరు, సొంత ఇల్లు లేదు. ఆ చోటొక్కటే నాది" అని నవ్వుతూ అనేది. నవ్వుతూ అన్నా అది నిజమేనని మా అందరికీ తెలుసు.

నేను చరిత్ర చెప్పి బతికినవాణ్ణి. బాపట్లలో ఇంటర్ పిల్లలకి పాఠం చెప్పి, రిటైరై తెనాలిలో స్థిరపడ్డాను. వాకింగు చేయమన్నాడు డాక్టరు. ఊరికే నడవడం నాకు చేతకాదు. ఏదో ఒక పని ఉండాలి కాబట్టి కంపెనీ చరిత్ర రాస్తానని బయల్దేరాను. పట్టాల పక్కన నడుస్తూ పాత వంతెనలూ, పాడుబడ్డ గేటు గదులూ, చర్చి గంటగా వేలాడదీసిన పట్టా ముక్కలూ చూసుకుంటూ తిరిగేవాణ్ణి. మా ఆవిడ దీనికి పిచ్చి అని పేరు పెట్టింది.

ఒకరోజు పొద్దున పొన్నూరు ఇవతల పంటకాలువ రేవులో ఒకామె బట్టలు ఉతుకుతోంది. ఆమె చీర బాదుతున్న రాయి వైపు చూసి ఆగిపోయాను. అదే పొడుగు. అదే గుండ్రటి తల. ముఖం మీద అదే ఉలి గుర్తు. సున్నం ఒక్కటే లేదు. మా ముత్తాత రాయి నడుం వాల్చి రేవులో పడుకున్నట్టుంది. ఆమె నన్ను అనుమానంగా చూసి, "ఏంటి బాబాయ్, ఏం కావాలి?" అంది. ఏం లేదమ్మా అని కదిలాను. ఇంకాస్త దూరం పోతే పొలం గట్టున అలాంటిదే ఇంకోటి, దానికి గేదెని కట్టేశారు. బాపట్ల చేరేలోపు మరికొన్ని కనిపించాయి, కొన్ని సగం కూరుకుపోయి, కొన్ని విరిగి. అన్నీ పట్టాలకి ఒకే ఎడంలో, ఒకే వరసలో ఉన్నాయి. తన నేల ఎంతవరకో చెప్పడానికి కంపెనీ పాతుకున్న హద్దురాళ్ళు. వాటిలో ఒకదానికి మేం తరతరాలుగా దండలు వేస్తున్నాం.

ఆ ఎండలో కట్ట మీద కూర్చుండిపోయాను. నవ్వు రావాలి నిజానికి. ఇంకెవరి ఇంట్లోనో జరిగి ఉంటే పగలబడి నవ్వేవాణ్ణి. నాకు నవ్వు రాలేదు. దొర రాలేదు, టోపీ తీయలేదు. కట్ట కోసుకుపోతుంటే చచ్చిపోయిన కూలీకి ఎవరూ ఏమీ ఇవ్వలేదు. ఎక్కడ పాతారో గుర్తు లేక, కంటికి కనిపించిన ఒకే ఒక్క రాయి దగ్గరికి చేరి ఏడ్చి ఉంటారు మా వాళ్ళు. ఇదంతా ఎవరికి చెప్పను? చెప్పకూడదనే అనుకున్నాను. అలాగే ఉండిపోదును కూడా, కొత్త లైను రాకపోతే.

ఉన్న పట్టాల పక్కన ఇంకో లైను వేస్తారని చాలాకాలంగా వింటున్నాం. వేస్తే వేశారులే, రైళ్ళు టైముకి వస్తాయని సంతోషించినవాణ్ణి నేను. బాపట్లలో బడిపంతులుగా చేస్తున్న మా తమ్ముడు, చిన్నాన్న కొడుకు, ఫోన్ చేశాడు. "అన్నా, మన రాయి మీద ఎర్రరంగు కొట్టి పోయారు. రైల్వేవాళ్ళు కొలతలకి వస్తారంట. సమాధులన్నీ లేపేస్తారని పాస్టరు గారు భయపడతన్నారు."

"అత్తకి తెలుసా?"

"తెలిసింది. నీకే ఫోన్ చేయమంది."

మర్నాడు రేపల్లె వెళ్ళాను. అసలు సంగతి చెప్పేద్దామనే వెళ్ళాను. దారి పొడుగునా రైల్లో మాటలు కూర్చుకున్నాను, క్లాసుకి ముందు పాఠం తయారు చేసుకున్నట్టు. అత్త మంచం మీద కూర్చుని ఉంది. మంచం కింది రేకుపెట్టె బయటికి లాగి మూత తెరిచి ఉంది. అందులో తెల్లచీర, తెల్లరవిక, చేతి తొడుగులు, పాత పాటల పుస్తకం. నేనడగకుండానే చీర తీసి మడత విప్పి చూపించింది.

"ఎట్టా ఉందిరా? కిందటి నెల కొన్నా. పాతది ఎలకలు కొట్టినయ్."

"బాగుందత్తా."

"నర్సుని కదా, తెలుపు నాకు నప్పిద్ది." చీర మళ్ళీ మడతపెడుతూ నా మొహం చూడకుండా అంది, "ఒరేయ్, నా చోటు పోనీకురా. నువ్వు చదువుకున్నోడివి. కంపెనీ గురించి పుస్తకం కూడా రాస్తన్నావంట. ఇది మా తాత సమాధి, కంపెనీవాళ్ళే రాయి ఇచ్చారు అని నువ్వు చెప్తే ఇంటారు. మేం చెప్తే ఇంటారా?"

కూర్చుకున్న మాటల్లో ఒక్కటీ నోటికి రాలేదు. ఆ ముసలి చేతులు చీర అంచుల్ని సరిచేస్తుంటే, అత్తా అది హద్దురాయి అని ఎలా అనను? టీ తాగి, చెప్తానులే అత్తా అని మాట ఇచ్చి, వచ్చిన రైల్లోనే తిరిగొచ్చాను. దారిలో నా మీద నాకే ఒళ్ళు మండింది. పిల్లలు పరీక్షలో లేనిపోనిది రాస్తే సున్నా చుట్టిన చెయ్యి ఇది.

కొలతల రోజు మా పేట మొత్తం లైను పక్కకి వచ్చింది. పాస్టరు గారు ముందే ప్రార్థన చేయించారు. అత్త రేపల్లె నుంచి తెల్లవారుజామున బయల్దేరి వచ్చి, రాయి పక్కన ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుంది, తన చోటులోనే కుర్చీ వేయించుకుంది. రైల్వే తరపున ఒక ఇంజనీరమ్మాయి, ఇద్దరు సర్వేవాళ్ళు, ఊరి వీఆర్వో వచ్చారు. అమ్మాయికి పాతికేళ్ళు దాటి ఉండవు. తుమ్మముల్లు చున్నీకి పట్టుకుంటే విడిపించుకుంటూ, చాలా మర్యాదగా అడిగింది.

"ఇదేంటి సార్, హద్దురాయేనా అండి?"

అందరూ నా వైపు చూశారు. మా తమ్ముడు మోచేత్తో పొడిచాడు. నేను గొంతు సవరించుకుని, అచ్చం క్లాసులో చెప్పినట్టే చెప్పాను. "కాదమ్మా. ఇది మా ముత్తాత సమాధి. ఈ కట్ట పనిలోనే చనిపోయాడు. అప్పటి కంపెనీ ఆయన గౌరవార్థం వేయించిన రాయి. నేను చరిత్ర లెక్చరర్‌ని, ఈ కంపెనీ మీద పరిశోధన చేస్తున్నాను." ఎక్కడా తడబడలేదు. వెనక ఎవరో ఆమెన్ అన్నారు. అత్త మొహం వెలిగిపోయింది. ఆ వెలుగు చూశాక, ఇదంతా అబద్ధమని ఇంక ఈ జన్మలో చెప్పనని అనుకున్నాను.

ఆ అమ్మాయి శ్రద్ధగా విని తలూపింది. "చాలా గొప్ప విషయం సార్" అంది. నిజంగానే అన్నట్టుంది. తర్వాత సర్వే అతని వైపు తిరిగింది. అతను మూడుకాళ్ళ స్టాండు మీద యంత్రం పెట్టి అందులోకి చూస్తున్నాడు. అతను చెయ్యెత్తి రాయి దగ్గరే చూపించాడు, ఇంకోడు అక్కడ మేకు కొట్టాడు. రాయికి ఆనుకుని. సరిగ్గా అక్కడే.

"హద్దు ఇక్కడేనండి" అంది అమ్మాయి. "పట్టాల వైపుదంతా మాదే. గట్టు వెడల్పు చేయాలి కాబట్టి రెండో వైపు కూడా కొంచెం తీసుకుంటాం. సమాధులకి వేరే స్థలం ఇస్తారు, రెవెన్యూవాళ్ళు చూస్తున్నారండి."

"మరి ఈ రాయి?" అన్నాడు మా తమ్ముడు. "సార్ చెప్పారు కదండి, కంపెనీ రాయని."

"రాయితో మాకు పనిలేదండి. ఇప్పుడంతా దీంతోనే" అని యంత్రం చూపించింది. "రాయి కావాలంటే మీరు తీసుకెళ్ళండి. నేను చెప్తాను, ఎవరూ అడ్డం చెప్పరు."

అదీ సంగతి. బతుకంతా నిజం నిజమని పిల్లల్ని చంపుకుతిని, చివరికి ఒక్క అబద్ధం ఆడితే దాన్ని కొనేవాళ్ళు లేరు. నేను నిజం చెప్పినా వాళ్ళ మేకు అక్కడే పడేది. మొహం చెల్లక అత్త వైపు చూడలేదు. ఆమె కుర్చీలోంచి లేవలేదు. కుర్చీ కింది నేలని చెప్పుకాలితో అటూ ఇటూ రాస్తూ కూర్చుంది.

కొత్త శ్మశానానికి చోటు మురుగుకాలువ పక్కన ఇచ్చారు. ఊళ్ళో ఎవరూ సాగు చేయని పల్లం. నాలుగు మూలలా నాలుగు సిమెంటు రాళ్ళు పాతి, ఇంక ఇది మీదే అన్నారు. సమాధులు తరలించే రోజు పాస్టరు గారు ఒక పద్ధతి చెప్పారు. మా నేలలో ఇన్నేళ్ళకి ఎముకలు కూడా మిగలవు కాబట్టి, ఒక్కో సమాధి నుంచి గుప్పెడు మట్టి తీసి, అందరినీ కొత్త చోట ఒకే గుంటలో పెడదాం అన్నారు. మా తాత దగ్గర మట్టి మా అత్తే తీసింది. నాయనమ్మ దగ్గర నేను తీశాను. అంతా ఏడుస్తూనే ఉన్నారు, ఏడుస్తూనే పని చేశారు. ఆఖర్న రాయి వంతు వచ్చింది. తీసుకెళ్ళి కొత్త చోట పాతాలని కుర్రాళ్ళు గునపాలు పట్టుకున్నారు. దాని కింద ఏముంటుందో తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే.

"కింద తవ్వొద్దురా, పైపైన లాగండి" అన్నాను.

"అదేంట్రా" అంది అత్త. "రాయి పట్టుకుని మా తాతనొదిలేసి పోతామా? తవ్వండి."

తవ్వారు. రాయి పైకి ఎంతుందో నేలలో అంతుంది. తాళ్ళు కట్టి పక్కకి వాల్చాక గుంటలో ఇటుకలు కనిపించాయి. నాలుగు వరసల ఇటుకలు, సున్నం పోసి పేర్చిన దిమ్మె. దాని కింద పలుగు తగలని గట్టి నేల, తట్టకి కూడా ఎత్తనిది, ఎన్నడూ మనిషి తవ్వనిది. మా అత్త నా భుజం పట్టుకుని గుంట అంచుకి వచ్చి వంగి చూసింది. చాలాసేపు చూసింది. జీవితమంతా ఆసుపత్రిలో గడిపిన మనిషి, ఆమెకి ఎవరూ ఏమీ విడమర్చి చెప్పక్కర్లేదు.

"ఒరేయ్" అంది చివరికి. "మరి మా తాతేడి?"

పాస్టరు గారు నేల చూపులు చూశారు. నేను చెప్పాల్సిన వంతు వచ్చింది.

"తెలీదత్తా. ఈ చుట్టుపక్కలే ఎక్కడో. కట్టలోనే ఉండొచ్చు."

"నీకు ముందే తెలుసు."

"తెలుసు."

"ఎప్పుడు తెలిసిందిరా?"

"నీ చీర చూపించిన రోజుకి ముందే."

కొడుతుందేమో అనుకున్నాను. కొట్టినా బాగుండేది. ఆమె చెంగుతో కళ్ళద్దాలు తుడుచుకుని, పక్కకి పడుకోబెట్టిన రాయి వైపు చూసింది. ఒకదాని మీద ఒకటి తరాల సున్నం పొరలు, దొప్పలు దొప్పలుగా లేచిపోతున్నాయి.

"అయితే ఇన్నాళ్ళూ మనం సున్నం వేసింది కంపెనీకన్నమాట" అంది. "పోన్లే. దానికి మాత్రం ఇంకెవరున్నారు."

ఒకరిద్దరు నవ్వారు. ఆమె నవ్వలేదు. రాయి అక్కడే వదిలేయమంది. వాళ్ళది వాళ్ళకే ఉండనీయమంది. కుర్రాళ్ళు బతిమాలారు, ఇంత కష్టపడి లేపాం కదా మామ్మా అన్నారు. ససేమిరా అంది. వెళ్ళేటప్పుడు నా చెయ్యి పట్టుకుని కట్ట దిగుతూ, ఎవరికీ వినపడకుండా చెప్పింది.

"నేను పోతే నా మీద రాయి పెట్టొద్దురా. సిమెంటు కూడా వద్దు. పెడితే ఇంకో వందేళ్ళకి ఎవడో వచ్చి దాని మీంచి కొలుస్తాడు."

సరేనన్నాను.

కొన్నాళ్ళకి మట్టి లారీలు వచ్చాయి. నేను అటు వెళ్ళేసరికే రాయి లేదు. యంత్రంతో నెట్టి కొత్త కట్టలో కలిపేశారని మా తమ్ముడు చెప్పాడు. నా పుస్తకం అక్కడే ఆగింది. కంపెనీ పుట్టుక రాశాను, దాన్ని మింగిన కంపెనీల సంగతి రాశాను, హద్దురాళ్ళ దగ్గరికి వచ్చేసరికి కలం కదల్లేదు.

ఆ ఏడు ముసురు పట్టిన రోజుల్లో మా అత్త పోయింది. పెద్ద జబ్బేమీ లేదు, రెండు రోజులు జ్వరం, మూడో రోజు లేవలేదు. రేకుపెట్టెలోంచి తెల్లచీర తీసి కట్టారు, చేతులకి తొడుగులు వేశారు. రేపల్లె నుంచి రైల్లో తేలేం కదా, వ్యానులో తెచ్చాం. బతికి ఉంటే ఆ దగ్గర దారికి ఒప్పుకునేది కాదు. మురుగుకాలువ పక్క పల్లంలో మోకాలి లోతు నీళ్ళు. నీళ్ళు తోడుతూ తవ్వారు, తవ్వుతుంటే ఊరుతూనే ఉన్నాయి. ఆమె తనకని దాచుకున్న చోటు మీద అప్పటికి కంకర పరిచేశారు. మాట ఇచ్చిన ప్రకారం రాయి పెట్టలేదు. ఒక కర్ర సిలువ గుచ్చాం.

నవంబరులో సమాధుల పండగ వచ్చింది. నేను తెనాలి నుంచి సున్నం బక్కెట్టు, కుంచె, బంతిపూలు పట్టుకుని వెళ్ళాను. నీళ్ళు తగ్గిపోయాయి. నేలంతా ఒకే ఎత్తున చదునైపోయి, తుంగ నడుందాకా పెరిగి ఉంది. మేం గుచ్చిన కర్ర సిలువ కొట్టుకుపోయినట్టుంది, జాడ లేదు. అందరినీ కలిపి పెట్టిన గుంట ఎక్కడో తెలీదు, అత్త ఎక్కడో తెలీదు. పాతినవాళ్ళం మేమే, ఆ పూట అక్కడ నిలబడినవాళ్ళం మేమే. మా తమ్ముడు ఇటన్నాడు, పాస్టరు గారు అటన్నారు. తుంగ పీకి చూశాం, కాలితో తొక్కి చూశాం. ఒకచోట మెత్తగా ఉంటే ఇక్కడేనేమో అనుకున్నాం, పక్క అడుగూ అంతే మెత్తగా ఉంది. నాకు ఏడుపు ఆగలేదు. చరిత్ర చదివినవాణ్ణి, కొన్ని నెలల కిందటి మనిషిని కనుక్కోలేకపోయాను.

ఆడవాళ్ళు ఎంతసేపని నిలబడతారు. కొవ్వొత్తులు చేతుల్లో ఉన్నాయి, గాలి వస్తోంది. మూలనున్న సిమెంటు రాయి ఒక్కటే తుంగలోంచి పైకి కనిపిస్తోంది, రెవెన్యూవాళ్ళు పాతిన హద్దురాయి. ఒకామె దాని దగ్గరికి వెళ్ళి, చుట్టూ గడ్డి పీకి, దాని మొదట్లో గాలి తగలకుండా కొవ్వొత్తి పెట్టింది. ఆమె వెనక ఇంకొకామె పెట్టింది. తర్వాత అందరూ అక్కడికే చేరారు. మా తమ్ముడు నా మొహం చూశాడు, నేనేమంటానోనని.

నేను బక్కెట్టు తీసుకెళ్ళి దాని పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాను. కుంచె ముంచి, పైనుంచి కిందికి, నాలుగు వైపులా, ఎక్కడా సిమెంటు కనిపించకుండా సున్నం వేశాను.